చాప చిరిగేదాకా

నల్లమొసళ్ల మడుగు నుంచి ప్రాణాలతో బయటపడ్డ మనిషెవరైనా కాసేపు ఎక్కడో ఒకచోట చతికిలబడి, కులదైవానికి దణ్ణం పెట్టుకుంటాడు. కుందనగిరి రాజకుమారుడు శరభాంకుడు ఆ పని చేయలేదు. తడిసిన తలపాగాను పిండుకుంటూనే గుర్రాన్ని అదిలించి, ఎదురుగా కనిపిస్తున్న కోట వైపు మెడ సాచి చూడసాగాడు. ఈ కుర్రవాడితో వచ్చిన తంటాయే అది. కొత్త ఊరు కంటపడితే చాలు, ఆకలీ దప్పికా ఏమీ గుర్తుండవు.

చూడదగ్గ కోటే మరి. జమ్ముసీమకు రాజధాని అయిన శాద్వలపురానికి రాతిగోడలు లేవు. ఏనుగెత్తు వెదురుబొంగులను దగ్గరదగ్గరగా పాతి, వాటి నడుమ పచ్చిజమ్మును అల్లి కట్టిన ప్రాకారం అది. గాలి వీచినప్పుడల్లా కోట మొత్తం అలలు అలలుగా ఊగుతోంది. బురుజుల మీద పురివిప్పిన నెమళ్లు, కందకం నిండా ఎర్రకలువలు, వాటి సందుల్లో బద్ధకంగా ఈదుతున్న బంగారురంగు తాబేళ్లు! సింహద్వారానికి కట్టిన పసుపు తుంగపోచల తోరణాలు లోపలికి వెళ్లేవాళ్ల తలలను మెత్తగా నిమురుతున్నాయి.

ఆ తోరణాల కింద నుంచే శరభాంకుడి అన్న మకరాంకుడు, కుందనగిరి రాయబారిగా, కిందటేడు లోపలికి వెళ్లాడు. వెళ్లడం చూసినవాళ్లు ఉన్నారు. తిరిగి రావడం చూసినవాళ్లు ఒక్కరూ లేరు. అన్నంటే శరభాంకుడికి ప్రాణం. గుర్రపుస్వారీ నేర్పింది అన్నే. వేళ్లు నోట్లో పెట్టుకుని గుర్రాలను పిలిచే ఈల నేర్పిందీ అన్నే. పొడుగ్గా సాగి, చివర చటుక్కున పైకి లేచే ఆ ఈల అన్నదమ్ములిద్దరికి తప్ప లోకంలో ఇంకెవరికీ రాదు.

వెనక గుర్రం మీద మూలుగుతూ వస్తున్న మనిషి బుక్కన్న. రాజుగారి వంటశాలలో గరిటె తిప్పిన చేత్తోనే కత్తి తిప్పడం నేర్చుకున్నాడు. ముందు పొట్ట వస్తుంది, తర్వాత ఆయన వస్తాడు. అన్నదమ్ములిద్దరినీ ఎత్తుకుని పెంచినవాడు కాబట్టి శరభాంకుణ్ణి తిట్టగలిగే హక్కు కూడా ఆయనకుంది.

“చినబాబూ! గుమ్మం దగ్గర తమరు నోరు విప్పకండి. తమరు మొదలుపెడితే ఎందుకు, ఏమిటి, ఎలాగ అంటూ పొద్దుగూకిపోతుంది. అధికారులతో మాట్లాడే మర్యాద నాకు తెలుసు” అన్నాడు బుక్కన్న.

సింహద్వారం దగ్గర తుంగచాప మీద ఒక పీలమనిషి కూర్చుని ఉన్నాడు. ద్వారాధికారి గవరయ్య. బుక్కన్న గుర్రం దిగి, పొట్ట అడ్డం వచ్చినంతవరకు వంగి, చేతులు జోడించాడు.

“అయ్యా, ద్వారాధికారిగారూ! తమరు నూరేళ్లపాటు ఈ పదవిలోనే చల్లగా ఉండాలి!”

అంతే! గవరయ్య ముఖం కందగడ్డలా అయిపోయింది. చుట్టూ ఉన్న జనం చెవులు మూసుకున్నారు. ఒక ముసలమ్మ “శివ శివా!” అంది. భటులు శూలాలు ఎత్తారు.

“ఎంత మాటన్నావురా బండోడా!” అని గవరయ్య లేచి ఊగిపోయాడు. “నాకేం పెళ్లాం లేదనుకున్నావా? పొలం లేదనుకున్నావా? నూరేళ్లూ ఈ గుమ్మంలో కూర్చోవాలా? నేనేం పాపం చేశాన్రా నీకు? కట్టండిరా వీణ్ణి!”

బుక్కన్న కళ్లు తేలేశాడు. “దీవించానండీ బాబూ!”

“దీవెనంట దీవెన! మీ ఊళ్లో తిట్లెట్టా ఉంటాయో!”

శూలం మొనలు బుక్కన్న పొట్టను తాకబోతుండగా, అంబలికుండ చంకనెత్తుకున్న ఒక నడివయసు ఆడమనిషి జనాన్ని తోసుకుంటూ వచ్చింది. పూటకూళ్లిల్లు నడిపే ఎర్రక్క ఆమె.

“ఆగండయ్యా! పొరుగుదేశపోళ్లు. ఆళ్లకేం తెలుసు మన మాట!” అని బుక్కన్న వైపు తిరిగింది. “ఇదిగో పెద్దాయనా, కొలువులో ఉన్నోళ్లని ఇక్కడ ‘సల్లగా లేవండి’ అనాల. కలకాలం కూసోమనకూడదు. అది శాపనార్థం.”

బుక్కన్న గబగబా ఆ మాట అప్పజెప్పాడు. గవరయ్య కోపం చప్పున దిగిపోయింది. ఆమె పోసిన అంబలి ముంతెడు తాగేసరికి అసలే లేకుండా పోయింది. కానీ ఆసరికే శరభాంకుడు గుర్రం దిగి, చాప అంచు దగ్గర గొంతుక్కూర్చున్నాడు.

“ఎందుకది శాపం? మా దేశంలో రాజు చచ్చేదాకా రాజే. మంత్రి రాజుకు కోపం వచ్చేదాకా మంత్రి. మీకెలాగ?”

“అయిపోయింది. మొదలుపెట్టారు” అని బుక్కన్న తల పట్టుకున్నాడు.

గవరయ్యకు మాత్రం చెప్పాలనే ఉంది. పదవిలో ఉన్నవాళ్లను తమ గురించి అడిగేవాళ్లు దొరకడం అరుదు కదా. “ఇదుగో, ఈ చాప చూశారా బాబూ? ఇది నేను కొనుక్కుంది కాదు. మా పేటలో మనిషికో తుంగపోచ తెచ్చి, ఇష్టమైనవాడి ముందు వేస్తారు. ఎవరి ముందు ఎక్కువ పోగుపడితే వాడికి ఆ పోచలతోనే చాప అల్లిస్తారు. అది చిరిగేదాకా పదవి. చిరిగిందా, లేచి దులుపుకుని ఇంటికి పోవడమే. మళ్లీ కావాలంటే మళ్లీ జనం ముందు నిలబడాలి.”

“అందరిదీ తుంగచాపేనా?”

“పేటల ప్రతినిధులది తుంగ. తొందరగా పోతుంది, జనం మొహం తొందరగా చూడాల్సొస్తుంది. పెద్దల సభకు ఈతాకు చాప. అది కొంచెం మన్నుతుంది. వాళ్లు నిదానంగా ఆలోచించాలంట!” అని గవరయ్య కిసుక్కున నవ్వాడు. “మహానాయకుడిది జమ్ముచాప. దేశం మొత్తం తెచ్చిన జమ్ముతో అల్లింది.”

“మరి పాతది పోయి కొత్తది అల్లేలోగా?”

“తామరాకు. లేపినవాడే కూర్చోవాలని మా కట్టడి. ఎవరి మాట వల్ల పాతాయన లేచాడో, వాడే తామరాకు మీద కూర్చుంటాడు. ఆకు ఎండేదాకా వాడి ఏలుబడి. కూర్చుంటే ఎలా ఉంటుందో వాడికీ తెలియాలిగా! ఈలోగా జనం పోచలు తెస్తారు. ఎండకముందే లేచిపోయాడా, ఖాళీ చోటు మళ్లీ పాతాయనదే.”

శరభాంకుడి కళ్లు మెరిశాయి. ఇంత తమాషా దేశం ఉందని ఎవరూ ఒక్కసారైనా చెప్పలేదే! “చాప తనంతట తాను చిరగకపోతే? కూర్చున్నవాడికే విసుగేస్తే?”

“తన చేత్తో తానే చుట్టేయొచ్చు. చుట్టినా, చిరిగినా ఒకటే.”

“మీ మహానాయకుడి చాప ఎప్పుడు చిరుగుతుంది?”

గవరయ్య తలెత్తి ద్వారం కప్పు వైపు చూశాడు. జనం ఒక్కొక్కరే తప్పుకోసాగారు. ద్వారం కప్పు నుంచి సన్నని నల్లటి పొగ ఒకటి, బల్లిలా గోడ పట్టుకుని కిందికి జారింది. జారిన పొగకు పడగ వచ్చింది. పడగకు కళ్లొచ్చాయి.

“ధూమ్రజిహ్వ చెవులు! పరిగెత్తండి!” అని అరిచింది ఎర్రక్క.

శరభాంకుడు కత్తి దూసి పొగసర్పాన్ని నిలువునా నరికాడు. తెగిన ముక్కలు రెండు సర్పాలై బుసకొట్టాయి. మళ్లీ నరికాడు. అవి నాలుగయ్యాయి. “నరకొద్దు చినబాబూ, సంతానం పెరుగుతోంది!” అని బుక్కన్న లబలబలాడాడు. ముగ్గురూ తోరణాలు తెంచుకుంటూ వీధిలో పడ్డారు. సర్పాలు వెనకాలే! కూరగాయల బుట్టలు దూకారు, ఎడ్లబండి కింద నుంచి దూరారు, ఎవరింటి పెరట్లోనో ఆరేసిన చీరలు చుట్టుకుని మూడు దయ్యాల్లా పరిగెత్తారు. చివరికి దారి ఒక గోడ దగ్గర ఆగిపోయింది. పొగపడగ బుక్కన్న మెడకు చుట్టుకుంది. ఊపిరాడక ఆయన గిలగిల్లాడుతుంటే, ఎర్రక్కకు ఏం చేయాలో తోచక చంకలోని కుండెడు అంబలీ ఆయన నెత్తిన దిమ్మరించింది.

చుయ్‌మంది. పొగ విడిపోయి, మిగతా సర్పాలు కూడా గింగిరాలు తిరుగుతూ గాలిలో కలిసిపోయాయి.

“తడి తగిలితే చస్తుందన్నమాట” అన్నాడు శరభాంకుడు మహా ఉత్సాహంగా.

“నేను చచ్చేవాణ్ణి, దాని సంగతి తర్వాత” అన్నాడు బుక్కన్న గడ్డం మీది అంబలి తుడుచుకుంటూ.

పూటకూళ్లింటికి చేరి, తలుపు గడియ వేశాక గానీ ఎర్రక్క నోరు విప్పలేదు.

“మా మహానాయకుడు ఉద్దండుడు. పోచలేసి కూసోబెట్టింది మేమే. మొదట్లో మంచోడే నాయనా, అబద్ధం చెప్పకూడదు. చాప అంచులు పీలికలయ్యే రోజులొచ్చాయి. లేవడానికి ఆయనకి మనసొప్పలేదు. అప్పుడొచ్చింది ధూమ్రజిహ్వ అనే మంత్రగత్తె, చాపకి వైద్యం చేస్తానని. చాపకి వైద్యమేంటని నవ్వుకున్నాం. ఒక్కో పోచా తెగబోయినప్పుడల్లా ఊళ్లో ఒక మనిషి మాయమవడం మొదలైనాక మా నవ్వు పోయింది.”

“మాయమై ఎక్కడికి?”

ఎర్రక్క తన అరచెయ్యి చాపి చూసుకుంది. “మా ఆయన పోలన్న నోరున్న మనిషి. నిండు సభలో నిలబడి, ‘అయ్యా, నీ గడువైపోలేదా, ఇంక లేవవయ్యా’ అనబోయాడు. ఆ ముండ నోట్లోంచి పొగ వదిలింది. నా కళ్ల ముందరే... నా చెయ్యి పట్టుకునే ఉన్నాడు నాయనా... సన్నబడి, సన్నబడి, జమ్ముకాడైపోయాడు. నా చేతిలోంచే లాక్కుని అల్లేసింది. మాకీ పక్కే మీ దేశం రాయబారి ఉన్నాడు. పచ్చగా, పొడుగ్గా, కుడిచెవికి నీలం పోగు. ‘ఇదేం అన్యాయం’ అని కత్తి మీద చెయ్యేశాడు. ఆయన్నీ జమ్ముకాడ చేసి చాప అంచుకి అల్లేసింది.”

శరభాంకుడు దిగ్గున లేచాడు. నీలం పోగు తల్లి చేతులతో పెట్టింది. అతని కళ్లలో నీళ్లు తిరిగాయి. వెంటనే కత్తి ఒరలోంచి బయటికి వచ్చింది. “ఆ చాపను ఇప్పుడే ముక్కలు ముక్కలు చేస్తాను!”

“చేసి?” అని ఎర్రక్క అతని మణికట్టు పట్టుకుంది. “ఆ ముక్కలు ఎవరనుకున్నావ్? చాప తెగిందంటే మా ఆయన తెగినట్టే. మీ అన్న తెగినట్టే. చింపకూడదు నాయనా.”

శరభాంకుడు కత్తి దించాడు. చాప చిరిగితే తప్ప ఉద్దండుడు లేవడు. చాప చిరిగితే అన్న బతకడు. మిగిలింది ఒకటే దారి. ఆయనే తన చేతులతో చుట్టేయాలి. పిచ్చెక్కితే తప్ప ఎందుకు చుట్టేస్తాడు?

అతను వసారాలో అటూ ఇటూ తిరుగుతూ ఉండగా, బుక్కన్న ఒక మూల చాప పరుచుకుని గుర్రుపెట్టడం మొదలుపెట్టాడు. ఎంత ప్రమాదంలోనైనా మధ్యాహ్నం కునుకు తీయనిదే ఆయనకు పొద్దు గడవదు. ఎర్రక్క నీళ్లకుండ తెస్తూ గడప తట్టుకుంది. కుండ భళ్లున పగిలింది. అలికిన నేల మీద నీళ్లు నాలుగు పాయలై, మెల్లగా పాకి, బుక్కన్న చాప కిందికి చేరాయి.

ముందు గురక ఆగింది. తర్వాత ఒక కన్ను తెరుచుకుంది. తర్వాత “ఓరి నాయనో!” అంటూ బుక్కన్న గాల్లోకి లేచి, ఇంకా పూర్తిగా మెలకువ రాకుండానే గబగబా చాప చుట్టేసి చంకలో పెట్టుకున్నాడు.

శరభాంకుడు ఆయన్ని కౌగలించుకుని గిరగిరా తిప్పాడు.

మర్నాటి ఉదయం, సభామండపానికి నీళ్లు మోసే కూలీల వరుసలో ఇద్దరు కొత్తవాళ్లున్నారు. మోకాళ్ల పైకి కట్టిన పంచెలు, ముఖాలకు మసి, భుజాల మీద తోలుతిత్తులు. ఒకడి తిత్తి ఏదో, పొట్ట ఏదో పోల్చుకోవడం కొంచెం కష్టంగానే ఉంది.

ఆ మండపం సొగసు చెప్పనలవి కాదు. గుండ్రని గోపురం కప్పు, దాని నడినెత్తిన ఆకాశం కనపడేట్టు ఒక పెద్ద కంత. చుట్టూ చందనపు స్తంభాలు, వాటి మధ్య వట్టివేళ్ల తడికలు. తడికల మీద నీళ్లు చల్లినప్పుడల్లా మండపం నిండా కమ్మని చల్లటి వాసన. అన్నిటికన్నా వింత, సింహాసనం ఎత్తులో లేదు. జనం కూర్చునే మెట్లు గుండ్రంగా కిందికి దిగుతూ వెళ్తాయి. అందరికన్నా పల్లంలో, నట్టనడుమ, మహానాయకుడి చాప. ఎన్నికైనవాడు జనానికి కింద కూర్చోవాలని ఆ దేశపు పాతకాలం పెద్దలు కట్టిన కట్టడం అది. తెలివైనవాళ్లు, పాపం.

ఆ పల్లంలో కూర్చుని ఉన్నాడు ఉద్దండుడు. కూర్చునీ కూర్చునీ ఒళ్లు నలువైపులా పారింది. కిరీటం కింద ముఖం మాత్రం భయపడే మనిషి ముఖం. ఆయన పక్కన ధూమ్రజిహ్వ. ఎండిన చింతబరికెలాంటి మనిషి, మాట్లాడకపోయినా పెదవుల మధ్య నుంచి పొగ వస్తూనే ఉంది.

“కూలీలు పైమెట్టు దిగకూడదు. చుక్క నీరు కిందికి జారిందా, తోలు ఒలిపిస్తాం!” అని కేకేశారు భటులు. శరభాంకుడు బుక్కన్నకు కన్నుగీటాడు. నీళ్లంటే ఇంత భయమెందుకో అతనికి చక్కగా అర్థమైంది.

పథకం తేలికైనదే. రాజకుమారుడు అందరి చూపులూ తన వైపు తిప్పుకోవాలి. ఈలోపు బుక్కన్న తిత్తి మూతి విప్పాలి. ఎర్రక్క జనంలో ఉంది. శరభాంకుడు తిత్తి కింద పడేసి, పైమెట్టు అంచున నిలబడి, గొంతెత్తి అడిగాడు.

“మహానాయకా! తమ గడువు ఎన్నాళ్లు?”

మండపం కొయ్యబారిపోయింది. ఆ ప్రశ్న అక్కడ వినబడి ఏడాదయింది. పేటల ప్రతినిధులు తమ తుంగచాపల వైపు చూసుకున్నారు. పెద్దల సభవాళ్లు నిదానంగా ఆలోచిస్తున్నట్టు కళ్లు మూసుకున్నారు.

ఉద్దండుడు మాత్రం నవ్వాడు. “తెలియదా? చాప చిరిగేదాకా. చిరిగిందేమో చూసుకో” అంటూ బరువు ఒక పక్కకు వేసి, చాప అంచు వేలితో తట్టి చూపించాడు.

ఆయన ఒరిగినప్పుడు చాప కిర్రుమంది. ఎప్పుడూ అయ్యే చప్పుడే, ఎవరూ పట్టించుకోలేదు. శరభాంకుడు ఒక్కడే విన్నాడు. ఆ కిర్రులో ఒక ఈల ఉంది. పొడుగ్గా సాగి, చివర చటుక్కున పైకి లేచే ఈల.

పథకం, మారువేషం, జాగ్రత్త అన్నీ గాలికెగిరిపోయాయి. అన్న బతికే ఉన్నాడు! శరభాంకుడు వేళ్లు నోట్లో పెట్టుకుని, గుండె నిండా గాలి పీల్చి, అదే ఈల తిరిగి వేశాడు.

“కుందనగిరి కుక్క!” అంటూ ధూమ్రజిహ్వ లేచింది. ఆమె నోటి నుంచి కాటుక వంటి పొగ సుడులు తిరుగుతూ మెట్లెక్కింది. శరభాంకుడు తడిక ఒకటి పీకి డాలులా అడ్డం పెట్టాడు. తడి వట్టివేళ్లకు తగిలిన పొగ చుయ్యిమంటూ చెదిరింది. తడిక తడి ఆరిపోతోంది. ఇంకొకటి పీకాడు. స్తంభం నుంచి స్తంభానికి దూకాడు. అతని ఎడమచేతి వేలికి పొగ సోకింది. వేలు సన్నబడి, పచ్చబడి, జమ్ముకాడలా ఊగసాగింది.

“బుక్కన్నా! విప్పు!” అని అరిచాడు.

బుక్కన్న విప్పడానికే చూస్తున్నాడు. తోలుతాడు తడిసి ముడి బిగుసుకుపోయింది. పళ్లతో లాగాడు, రాలేదు. గోళ్లతో గీకాడు, రాలేదు. భటులు ముంచుకొస్తున్నారు. ఇక లాభం లేదనుకుని, జన్మంతా తాను మోసిన పొట్టను తలుచుకుని, గాలిలోకి ఎగిరి దబ్బున తిత్తి మీద కూర్చున్నాడు.

తిత్తి ఢామ్మని పేలింది. మెట్టు మీద నుంచి మెట్టు మీదికి నీళ్లు జారాయి. పొగా ఈలా కేకల మధ్య ఎవరూ చూడలేదు. చాప కింద నీరు చప్పుడు చేయదు కదా. పల్లానికి దిగి, గుండ్రంగా తిరిగి, జమ్ముచాప కిందికి మెల్లగా చేరింది.

ఉద్దండుడి ముఖం మారింది. ఒకసారి కదిలాడు. చేత్తో కింద తడుముకున్నాడు. “తడి! ధూమ్రజిహ్వా, తడి! చాప తడవనివ్వొద్దన్నావుగా!” అంటూ ఏళ్ల తర్వాత మొదటిసారి కాళ్ల మీద లేచాడు.

“లేవకు మూర్ఖుడా! లేవకు!” అని మాంత్రికురాలు గావుకేక పెట్టింది.

వినిపించుకునే స్థితిలో లేడు. మోకాళ్ల మీద వంగి, రొప్పుతూ, రెండు చేతులతో గబగబా చాప చుట్టి చంకలో పెట్టుకున్నాడు. బుక్కన్న చుట్టినట్టే, అచ్చంగా. పెట్టుకున్నాక తలెత్తి చూశాడు. మండపం మొత్తం ఆయన్నే చూస్తోంది.

“చుట్టేశాడర్రోయ్!” అని ఎర్రక్క గొంతు ఖంగుమంది. “మహానాయకుడు చాప చుట్టేశాడు!”

“చుట్టేశాడు! చుట్టేశాడు!” మెట్లు దద్దరిల్లిపోయాయి. జనం ఎగిరారు, ఒకళ్ల మీద ఒకళ్లు పడి నవ్వారు, ఏడ్చారు. ఈలోగా చంకలోని చాప నుంచి నీళ్లు కారుతున్నాయి. తడిసిన పోచలు పచ్చబడ్డాయి. పచ్చబడ్డవి లావెక్కాయి. ముందు ఒక చెయ్యి, తర్వాత ఒక తల. మనుషులు! ఒక్కొక్కరే దగ్గుతూ, తుమ్ముతూ, ఒంటి మీద అల్లిక గీతలతో నేల మీదికి దొర్లారు. “ఇంక లేవవయ్యా” అన్న మాట సగంలో ఆపినవాడు మిగతా సగం పూర్తిచేస్తూ లేచాడు. పోలన్న! ఎర్రక్క మెట్లన్నీ ఒక్క దూకులో దిగి, “సచ్చినోడా, ఇన్నాళ్లు ఎక్కడ సచ్చావ్” అని అతని వీపు మీద రెండు దెబ్బలేసి, కౌగలించుకుని బావురుమంది.

మెట్ల మీది తడి తగిలి శరభాంకుడి వేలు మళ్లీ మామూలైంది. అతను ఒక్కొక్క ముఖం చూసుకుంటూ పరిగెత్తాడు. ఈయన కాదు. ఈయనా కాదు. అన్నేడీ?

అన్న చాపకు అంచు. చుట్టినప్పుడు అంచు నడిమధ్యకు పోయింది. తడి అక్కడిదాకా చేరలేదు. సన్నటి పీలికలా మిగిలిన చాపచుట్టలోంచి నీలం పోగు ఉన్న చెవి ఒకటి బయటికి పొడుచుకొచ్చి, అక్కడే ఆగిపోయింది.

“అన్నా!” అంటూ చెయ్యి చాచాడు. ధూమ్రజిహ్వ అతని కన్నా ముందు అందుకుంది. చాపచుట్టను లాక్కుని, పొగలో గిర్రున తిరిగి, రాబందు రూపం ధరించింది. చుట్టను గోళ్లలో ఇరికించుకుని, గోపురం కంతలోంచి ఆకాశానికి లేచింది. పైనుంచి సన్నగా ఈల వినిపించింది. దూరమవుతూ వినిపించింది.

“గుర్రాలు! బుక్కన్నా, గుర్రాలు!” శరభాంకుడు ద్వారం వైపు దూకాడు. దారికి అడ్డంగా పేటల ప్రతినిధులు, పెద్దల సభవాళ్లు, పోలన్న, ఎర్రక్క, చాపలోంచి వచ్చిన వాళ్లందరూ నిలబడ్డారు. గవరయ్య చేతుల్లో కందకంలోంచి అప్పుడే కోసిన పెద్ద తామరాకు ఉంది.

“బాబూ, లేపింది మీరు” అన్నాడు గవరయ్య నీళ్లు నమిలి. “లేపినవాడే కూర్చోవాలి.”

“మా అన్నను ఎత్తుకుపోతోంది!”

“చోటు ఖాళీ అయితే మళ్లీ ఆయనదే బాబూ.” గవరయ్య ఓ పక్కన కూర్చున్న ఉద్దండుడి వైపు చూశాడు. “ఆయన కూర్చుంటే ఆమె రేపే వస్తుంది. వీళ్లందరూ...”

ఎర్రక్క మొగుడి చెయ్యి గట్టిగా పట్టుకుని, ఎక్కడ మళ్లీ సన్నబడుతుందో అన్నట్టు ఆ చేతినే చూస్తోంది. ఆ చూపును దాటి పోవడం శరభాంకుడి వల్ల కాలేదు.

“ఆకు ఎండడానికి ఎంతసేపు పడుతుంది?” అన్నాడు.

“ఈ ఎండకా? సాయంత్రానికి అప్పడమైపోతుంది.”

“బుక్కన్నా, నువ్వు బయల్దేరు. ఈల వినిపించే దిక్కు వదలకు. సాయంత్రానికల్లా నిన్ను కలుసుకుంటాను.”

“అన్నం తినకుండా గుర్రమెక్కడం పుట్టి బుద్ధెరిగాక ఇదే మొదటిసారి” అంటూ బుక్కన్న కళ్లు తుడుచుకుని పరిగెత్తాడు. ఆయన అంత వేగంగా పరిగెత్తగలడని కుందనగిరిలో చెబితే ఎవరూ నమ్మరు.

తామరాకును పల్లంలో నట్టనడుమ, గోపురం కంతలోంచి ఎండ సూటిగా పడేచోట పరిచారు. శరభాంకుడు కూర్చున్నాడు. జనం సంతోషంతో పోచలు తేవడానికి పరుగులు తీశారు. పచ్చటి ఆకు అంచు ఒకటి అప్పుడే కొంచెం ముడుచుకుంది. అతను అంగుళం అంగుళం ఆ ఆకునే చూస్తూ కూర్చున్నాడు.

ఓ పక్కన ఉద్దండుడు మెట్టుకు జారగిలబడి, ఇన్నేళ్లకు చాచుకున్న కాళ్లను నెమ్మదిగా ఒత్తుకుంటున్నాడు.

“కాసేపే కదా అనుకుంటున్నావు, ఔనా?” అన్నాడు. ఆ గొంతులో వెటకారం లేదు. “నేనూ అలాగే అనుకున్నాను నాయనా. కరువు తీరేదాకా, కాలవ తవ్వడం అయ్యేదాకా, అంతే అనుకున్నాను.”

పైన ఎండ ఉన్నట్టుండి మసకబారింది. శరభాంకుడు తలెత్తి చూశాడు. రాబందు వెళ్లిన దిక్కు నుంచి కాటుక రంగు పొగ ఆకాశం నిండా పరుచుకుంటూ వస్తోంది. పొగ మబ్బైంది. మబ్బు ఉరిమింది. గోపురం కంతలోంచి ఒక పెద్ద చినుకు రాలి, ముడుచుకుంటున్న తామరాకు అంచు మీద టప్పున పడింది.

ఆకు అంచు మెల్లగా విచ్చుకుంది.